చోటే మియా కత్తెర, నా తర్జుమా

మా కాలనీలో ఎవరింట్లోనైనా ద్రాక్షపళ్లు పెడితే నేను ముట్టను. "ఆయనకు షుగరండీ" అని మా ఆవిడ పార్వతీదేవి సర్దిచెబుతుంది. నాకు షుగరు లేదు. ఉన్నదల్లా ఒక పాత తప్పు. అది చోటే మియాకు చేసింది.

ఆయన కథ ఎవరూ రాయరు. అంత గొప్పవాడు కాడని లోకం అనుకుంటుంది. ఆయన్ను ఒకే ఒక్కసారి, అదీ జర్మనీ దేశంలో, టీవీలో చూపించారు. చూసినవాళ్లకు ఆ ముఖం గుర్తుండే ఉంటుంది గానీ పేరు తెలియదు. పేరు తెలిసినవాణ్ని నేనున్నాను. ఆ బతుకు వంకర తిరిగిన చోట చెయ్యి పెట్టినవాణ్ని కూడా నేనే. కాబట్టి రాయక తప్పదు.

మేడ్చల్ నుంచి శామీర్‌పేట పోయే దారికి అటూ ఇటూ ఇప్పుడు గోడౌన్లు, ఫంక్షన్ హాళ్లు ఉన్న చోట తొంభైల మొదట్లో ద్రాక్ష తోటలుండేవి. రాతి కడీలు పాతి, వాటి మీద ఇనుప తీగలు గుంజి కట్టి, ఆ పందిళ్ల మీదికి ద్రాక్షను పాకించేవారు. మే నెల మిట్టమధ్యాహ్నం ఆ పందిరి కింద నిలబడితే ఒంటి మీద తడిగుడ్డ వేసినట్టుండేది. అయితే ద్రాక్ష ఊరికే కాయదు. ఏడాదికి రెండుసార్లు కత్తిరించాలి, ఎండాకాలంలో ఒకసారి, దసరా దాటాక ఒకసారి. ఏ కొమ్మను ఎన్నో కణుపు దగ్గర కొయ్యాలో చదివితే వచ్చే విద్య కాదు. ఒక కణుపు అటో ఇటో అయితే పందిరి నిండా ఆకే, కాయ ఉండదు. అందుకని కత్తిరింపుకు చెయ్యి మంచిదని పేరున్న మనిషినే పిలిచేవారు. బౌరంపేట్ నుంచి శామీర్‌పేట దాకా ఆ పేరు చోటే మియాది.

పేరుకు చోటేగానీ మనిషి ఆరడుగులు. ఇంట్లో చిన్నవాడు గనక చోటే అన్నారట, ఆ తర్వాత ఆయన ఎదగడం మానలేదు, పేరు మారలేదు. మిగతావాళ్లు స్టూలు వేసుకుని కత్తిరిస్తే ఈయన నేల మీదే నిలబడి, మెడ వెనక్కి వాల్చి కత్తిరించేవాడు. శామీర్‌పేట శివార్లలో రెండెకరాల మెట్ట, మట్టిగోడల ఇల్లు, మునావర్ అనే కొడుకు, అంతే ఆస్తి. కానీ అక్టోబరులో ఆయన తోటలోకి అడుగు పెడితే పటేళ్లు మంచం మీంచి లేచి నిలబడేవారు. మొదటి కొమ్మ కోసే ముందు తోట యజమాని కొబ్బరికాయ కొట్టి, కత్తెరను తమలపాకులో పెట్టి ఆయన చేతికందించాలి. ఆయన బిస్మిల్లా అని మొదటి కొమ్మ కోసేవాడు. కొబ్బరికాయా బిస్మిల్లా పక్కపక్కనే జరిగిపోయేవి, ఎవరికీ ఇబ్బంది ఉండేది కాదు.

ఆయనకొక ఒట్టు ఉండేది. పని నేర్పిన ఉస్తాద్‌కు చేతిలో చెయ్యేసి చెప్పింది. కాయ మీదున్న తీగకు కత్తెర పెట్టకూడదు. "కడుపుతోటున్నదాన్ని కొట్టినట్టే సార్" అనేవాడు. చుట్టుపక్కల తోటలవాళ్లందరికీ ఈ సంగతి తెలుసు. కాయ తీగను కోసిన చెయ్యి మళ్లీ తోటలోకి రాకూడదని వాళ్ల నమ్మకం. నమ్మకమే అనుకోండి, తిండి పెట్టేదీ మానిపించేదీ అదే కదా.

ఇక నా సంగతి. తణుకు పక్క పల్లెటూరి నుంచి వచ్చి దూలపల్లిలో వాల్వులు తయారుచేసే ఫ్యాక్టరీలో చేరాను. యంత్రాలు జర్మనీవి, వాటి పుస్తకాలూ జర్మన్‌లోనే ఉండేవి. చదివేవాడు లేక యంత్రాలు మూలపడుతుంటే, నేను బస్సెక్కి సిటీకి పోయి సాయంకాలం క్లాసుల్లో మూడేళ్లు జర్మన్ నేర్చుకున్నాను. దాంతో శ్రీనివాసరావు అనే పర్చేజ్ గుమాస్తా కాస్తా ఫ్యాక్టరీలో పండితుడైపోయాడు. ఆ పండితుడికి ఒకే కోరిక. ఏటా ఒకణ్ని ఆర్నెల్ల ట్రైనింగుకు జర్మనీ పంపేవారు. ఆ ఒకడు నేను కావాలి.

తొంభైమూడు జనవరిలో యోర్గ్ హాబర్‌మన్ వచ్చాడు. జర్మన్ టెలివిజన్ డైరెక్టరు. మా ఫ్యాక్టరీ భాగస్వామి కంపెనీ పెద్దాయనకు చిన్ననాటి స్నేహితుడు. ద్రాక్ష తోటల మీద సినిమా తీస్తాడు, మూడు వారాలు వెంట ఉండి తర్జుమా చెయ్యమని మా మేనేజరు నన్ను అప్పగించాడు. "ఆయన మెచ్చుకుంటే నీ జర్మనీ సంగతి ఖాయం" అని కూడా అన్నాడు. ఆ మాట అనకుండా ఉంటే ఏమయ్యేదో అని చాలాసార్లు అనుకున్నాను. ఏమీ అయ్యేది కాదు. నా బుద్ధి నాదే.

యోర్గ్ గురించి మూడు వారాల్లో తెలుసుకున్నది చెబుతాను. వాళ్లది నది ఒడ్డున కొండవాలు మీద ద్రాక్ష పండించే ఊరు. తండ్రి తన చేత్తో తీగలు కత్తిరించినవాడు. ఈయన పద్దెనిమిదో ఏట ఇల్లొదిలి టెలివిజన్ కేంద్రంలో స్టాండులు మోసే పనిలో చేరాడు. తర్వాత వార్తల కెమెరామన్, ఆ తర్వాత డైరెక్టరు. పన్నెండేళ్ల పాటు వారానికో హత్య జరిగే డిటెక్టివ్ సీరియల్ తీశాడట. "ఆరువందల శవాలను తీశాను, ఒక్క చావూ తియ్యలేదు" అనేవాడు. తండ్రి పోయినప్పుడు కూడా ఏదో హత్య షూటింగులోనే ఉన్నాడు. తండ్రి కత్తిరించే చేతులను ఒక్క ఫిల్ము ముక్కలోనైనా పట్టుకోలేదని ఆయన బాధ. ఆ బాధతో సీరియల్ మానేసి, నాలుగు దేశాల్లో నలుగురు ద్రాక్ష మనుషుల మీద నాలుగు భాగాల సినిమా మొదలుపెట్టాడు. మేడ్చల్ మూడో భాగం.

కెమెరా తనే పట్టేవాడు. అందరూ ఒక కన్ను మూసి చూస్తారు కదా, ఈయన రెండు కళ్లూ తెరిచే ఉంచేవాడు. ఒక కన్ను కెమెరాకు, ఒక కన్ను మనిషికి అనేవాడు. గట్టిగా ఆర్డర్లు వెయ్యడు. మొదలెట్టాలంటే ఎడమచేతి చిటికెన వేలు ఎత్తుతాడు, అంతే. యోర్గ్ అనడం రాక మన జనం ఆయన్ను యోగి సాబ్ అన్నారు. ఆయనా మురిసిపోయి ఆ పేరుకే పలికేవాడు.

చోటే మియాను చూడగానే యోర్గ్ మనసు పారేసుకున్నాడు. ఇద్దరికీ ఒక్క మాట కలవదు గానీ పందిరి కింద గంటలు గంటలు కూర్చునేవారు. కోసిన చోట తీగ నుంచి నీరు కారుతుందని, దాన్ని తీగ ఏడుపంటారని మియా చెప్పాడు. నేను తర్జుమా చేస్తే యోర్గ్ లేచి నిలబడ్డాడు. వాళ్ల ఊళ్లోనూ అలాగే అంటారట, తీగ ఏడుస్తుందని. కళ్లు తుడుచుకున్నాడు. అప్పుడే ఆయనకు కోరిక పుట్టింది. మియా కొమ్మ కోస్తుంటే, కోసిన చోట ఆ బొట్టు ఊరుతుంటే తియ్యాలి. అది లేకపోతే సినిమా లేదు.

జనవరిలో తీగ నిండా పచ్చికాయ ఉంటుంది. యోర్గ్‌కు ఆ సంగతి తెలుసు. కానీ వాళ్ల ఊళ్లో సగం గుత్తులు కాయగా ఉండగానే కోసి పారేస్తారట, మిగిలినవి తియ్యగా పండాలని. అందుకే ఆయనకది పాపంగా తోచలేదు. అయినా పద్ధతిగల మనిషి. "చివర్లో ఒక్క తీగ చాలు. యజమాని ఒప్పుకుంటేనే. చోటే మియా ఒప్పుకుంటేనే" అన్నాడు. ఈ రెండు షరతులూ నేను బాగా విన్నాను. వినలేదని ఏ రోజూ బుకాయించలేను.

తోట శంకరయ్య పటేల్‌ది. షెడ్డు ముందు నులకమంచం మీద కూర్చుని వక్కలు కత్తిరిస్తున్నాడు. సంగతి చెప్పాను. ఆయన నా వంక చూడకుండా యోర్గ్ వంక చూసి నవ్వి, మళ్లీ వక్కల వంక చూసుకున్నాడు.

"దొర అంత దూరం నుంచొచ్చిండు. కాదంటె మంచిగుంటదా... సూద్దాం తియ్యి సారూ."

చూద్దాం. ఈ మాటకు అర్థం మన దగ్గర పసిపిల్లలకు కూడా తెలుసు. సైకిల్ కొనమంటే మా నాన్న చూద్దాం అన్నాడు, కొనలేదు. మా చెల్లెలికి వచ్చిన సంబంధం మాకు నచ్చక చూద్దాం అని కబురు పంపాం, వాళ్లూ మళ్లీ అడగలేదు. కాదు అని మొహం మీద కొట్టకుండా, ఎదుటివాడి మర్యాద దక్కించి పంపే మాట అది. గోదావరి జిల్లాలోనైనా శామీర్‌పేటలోనైనా ఒకటే అర్థం.

యోర్గ్ ఆత్రంగా అడిగాడు, ఏమన్నాడని. నేను ఆ మాటను మాటకు మాట జర్మన్‌లో పెట్టాను. మనం చూద్దాం అంటున్నాడు అని. ఆయన ముఖం వెలిగిపోయింది. "ఓహో, ఆయన కూడా చూడాలనుకుంటున్నాడా! తప్పకుండా రమ్మనండి!"

దిద్దొచ్చు. ఒక్క వాక్యం చాలు. నేను దిద్దలేదు. అన్నమాట అన్నట్టే చెప్పాను కదా, అందులో నా తప్పేముంది అని నాకు నేనే సర్దిచెప్పుకున్నాను. పటేల్ ఆ పూట పని మీద మేడ్చల్ వెళ్లాడు. యోర్గ్ మాత్రం పాపం, ఆయన ఇంకా రాలేదేమని రెండుసార్లు అడిగాడు.

సాయంత్రం నాలుగింటికి ఎండ ఏటవాలుగా పందిట్లోకి దిగింది. యోగి సాబ్ కోసం ఒక్క తీగ కొయ్యాలని మియాకు చెప్పానే గానీ, ఒప్పుకుంటావా అని అడగలేదు. చివరి వరసలో మొదటి తీగ దగ్గర మియా నిలబడ్డాడు. యోర్గ్ కెమెరా భుజాన పెట్టుకున్నాడు. నేను కెమెరాకు రెండడుగులు ఎడంగా ఉన్నాను. చిటికెన వేలు లేచింది. మియా కత్తెర ఎత్తి, కొమ్మ దాకా తీసుకుపోయి ఆగాడు. కొమ్మకు నాలుగు గుత్తులు వేలాడుతున్నాయి. నా వైపు తిరిగాడు.

"పటేల్ ఏమన్నడు సార్?" చాలా మెల్లగా అడిగాడు.

"చూద్దాం అన్నాడు."

"సూద్దామన్నడా, చెయ్యమన్నడా? సాఫ్ జెప్పు సార్. సూద్దామంటె వద్దన్నట్టే గదా."

కెమెరా తిరుగుతోంది. ఎండ పోతోంది. నా కళ్ల ముందు జర్మనీ ఉంది.

"చెయ్యమన్నాడు మియా" అన్నాను.

ఆయన నా ముఖంలోకి అలాగే చూశాడు. ఎంతసేపు చూశాడో నాకప్పుడు తెలియలేదు. "పటేల్ మాటనే గదా. నా ఉస్తాద్‌కు జవాబ్ నేను జెప్పుకుంట" అని బిస్మిల్లా చెప్పి కోశాడు. గుత్తులు నేల మీద పడ్డాయి. కోసిన చోట ఒక బొట్టు మెల్లగా ఊరింది, ఎండలో మెరిసి జారిపోయింది.

ఒక్క తీగ అన్నది ఏడు తీగలైంది. మొదటిసారి బొట్టు మీద ఫోకస్ అందలేదు. రెండోసారి మబ్బు అడ్డమొచ్చింది. ఇంకొక్కసారి, ఇంకొక్కసారి అని యోర్గ్ బతిమాలుతుంటే నేను "ఇంకొకటి మియా" అని తెలుగులో అందించాను. రెండో తీగ నుంచీ మియా నన్నేమీ అడగలేదు.

కెమెరా సర్దుతుండగా పటేల్ మోటారుసైకిల్ వచ్చి ఆగింది. ఆయన దిగి నేల మీది పచ్చిగుత్తి ఒకటి చేతిలోకి తీసుకున్నాడు.

"ఎవడు కొయ్యమన్నడ్రా?"

"రావు సాబ్ జెప్పిండు, మీరే చెయ్యమన్నరని" అన్నాడు మియా.

పటేల్ నా వైపు తిరిగాడు. "నేనేమన్న సారూ?"

"చూద్దాం అన్నారండి."

"మరి ఈనకేం జెప్పినవ్?"

నిజం చెబితే పటేల్ యోర్గ్ మీద పడతాడు, యోర్గ్ మేనేజరుకు రాస్తాడు, నా ఆర్నెల్లు గాలిలో కలిసిపోతాయి. ఇదంతా రెప్పపాటులో లెక్క కట్టాను. వెధవ పనికి బుర్ర ఎంత చురుగ్గా పనిచేస్తుందో!

"అదే చెప్పానండి. చూద్దాం అన్నారనే చెప్పాను."

సగం నిజం కదా. మొదట నిజంగానే ఆ మాట అన్నాను కదా. ఆ సగాన్ని పట్టుకునే నిలబడ్డాను. మియా నన్ను ఎదిరిస్తాడనుకున్నాను, ఒట్టేస్తాడనుకున్నాను. ఆయన కత్తెర మూసి తోలుసంచిలో పెట్టుకున్నాడు.

"నా చెవులే తప్పు ఇన్నయి పటేలా" అన్నాడు.

యోర్గ్ కంగారుగా ఏమిటి గొడవని నన్నడిగాడు. పని ఆలస్యమైందని కోప్పడుతున్నాడని చెప్పాను. ఆ రోజంతా నా నోట్లోంచి వచ్చిన జర్మన్‌లో వ్యాకరణ దోషం ఒక్కటి కూడా లేదు.

ఆ ఏడు మార్చిలో, కోతకు పది రోజుల ముందు, వడగండ్లు పడ్డాయి. అరగంటలో పటేల్ పందిరి సగం కూలిపోయింది. పక్క తోటలూ దెబ్బతిన్నాయి. వడగండ్లకు తోట యజమాని ఎవరో, కోసింది ఎవరో తెలుస్తుందా? కానీ ఊరంతా ఒకటే మాట. "కాయ తీగను కోసిండు. ఇగ ఊకుంటదా?" అక్టోబరు వచ్చింది. శంకరయ్య పటేల్ కొబ్బరికాయ కొట్టి కత్తెరను వేరే మనిషికి ఇచ్చాడు. ఆయన ఇచ్చాక మిగతా తోటలవాళ్లు ఎందుకు పిలుస్తారు? ఇరవై తోటలు తిరిగిన మనిషి ఆ దసరాకు ఇంటి అరుగు మీద కూర్చున్నాడు. ముప్పై ఏళ్లు కూడబెట్టుకున్నది ఆ ఒక్క పేరే. అదీ పోయింది. నేను ఎవరితోనైనా ఒక్క మాట చెప్పి ఉంటే నిలిచేది. ఆదివారం చెబుదాం, పండగ పోయాక చెబుదాం అని వాయిదా వేశాను. రెండో ఏడు అక్టోబరు కూడా అలాగే పోయింది.

తొంభైఐదులో నన్ను జర్మనీ పంపారు. యోర్గ్ సిఫారసు గట్టిగానే పనిచేసింది. ఒక ఆదివారం భోజనానికి పిలిచి తన సినిమా చూపించాడు. నాలుగు భాగాల్లో మూడోదానికే బహుమతి వచ్చిందట, దాంతో ఆయనకు టెలివిజన్‌లో పెద్ద పదవీ, కుర్రాళ్లకు కెమెరా నేర్పే ఉద్యోగమూ వచ్చాయట. తోట వచ్చింది, పందిరి వచ్చింది, చోటే మియా వచ్చాడు. కత్తెర కొమ్మ దాకా పోయి ఆగింది. ముఖం పక్కకు తిరిగింది.

మాటలు తీసేశాడు. ఉత్త ముఖమే. అరనిమిషం పాటు ఆ కళ్లు కెమెరాకు కొంచెం పక్కగా చూస్తూ ఉన్నాయి. నమ్మాలా వద్దా అని అడుగుతున్న కళ్లు. కదలకుండా చూస్తున్నారు, నన్నే.

"నేను జన్మలో తీసిన అన్నిటిలో ఇదొక్కటే నిజమైన షాటు" అన్నాడు యోర్గ్. "జనం ఉత్తరాలు రాశారు. దేవుణ్ని చూస్తున్నాడని కొందరు, తీగను క్షమించమంటున్నాడని కొందరు. మీరు పక్కనే ఉన్నారుగా, అప్పుడాయన ఏం చూస్తున్నాడు?"

"తెలియదు" అన్నాను. వాళ్లావిడ ద్రాక్షపళ్ల పళ్లెం నా ముందు పెట్టింది. అప్పటి నుంచే నేను ముట్టడం లేదు.

వచ్చేటప్పుడు ఆ సినిమా క్యాసెట్ నా చేతికిచ్చి మియాకు ఇమ్మన్నాడు. ఇవ్వలేదు. ఆ చూపు ఆయన చూస్తే నాకు తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియదు. బీరువా అడుగున పడేశాను. ప్రతి దసరాకు ఇల్లు దులిపేటప్పుడు పార్వతీదేవి బయటికి తీసి ఇదేమిటండీ అనేది. ఆఫీసుదనేవాణ్ని. తొమ్మిదేళ్లకు అడగడం మానేసింది.

ఈలోగా తోటలు పోయాయి. నీళ్లు అడుగంటాయి, తెగుళ్లు వచ్చాయి, భూమికి ధర వచ్చింది. కడీలు పీకి హద్దురాళ్లు పాతారు. శంకరయ్య పటేల్ తోట కూడా ప్లాట్లయింది, ఆయన పోయాడు. నేను గుండ్లపోచంపల్లిలో ఇల్లు కట్టుకున్నాను. తోటలే లేనప్పుడు మియా పేరు ఉంటేనేం పోతేనేం అని ఒకరోజు అనుకున్నాను. అనుకున్నందుకు ఆ రోజంతా నా మొహం నాకే నచ్చలేదు. తోటలు పోకముందు ఆరేడేళ్లు ఆయన పనికి దూరంగా బతికాడు. అది నా లెక్కే.

రెండువేల రెండులో బౌరంపేట్ వైపు బస్సులో పోతుంటే, కొత్తగా కట్టిన విల్లాల గేటు దగ్గర ఒక పొడుగాటి ముసలాయన కంచె చెట్లు కత్తిరిస్తూ కనిపించాడు. మెడ వెనక్కి వాలి లేదు, కిందికి వంగి ఉంది. నేను ముఖం అటు తిప్పుకున్నాను.

రెండువేల ఆరులో యోర్గ్ ఫోన్ చేశాడు. రిటైరవుతున్నాడు. ఆఖరి సినిమాగా ఆ నలుగురినీ మళ్లీ కలిసి తియ్యాలట. నలుగురిలో ఇద్దరు పోయారు. చోటే మియా ఉన్నాడా? ఉన్నాడన్నాను.

విల్లాల గేటు లోపల, మొక్కల మధ్య, మియాను కుర్చీలో కూర్చోబెట్టాడు యోర్గ్. ఇద్దరూ కౌగలించుకుని ఏడ్చారు. "యోగి సాబ్ కూడ ముసలోడైండు" అని మియా నవ్వాడు. కత్తెర అదే, పిడి మార్చారు. అరవైనాలుగేళ్ల మనిషి వంగి వంగి కంచెకు తల చదును చేసి చూపించాడు.

"గీ చెట్లకు కాలం లేదు సార్" అన్నాడు నాతో. "ఎప్పుడు కోసినా ఏమనయ్. కాయనే లేదు గద."

యోర్గ్ కెమెరా భుజాన పెట్టుకున్నాడు. రెండు కళ్లూ తెరిచే ఉన్నాయి. చిటికెన వేలు లేచింది. "అడగండి, ద్రాక్ష కత్తిరింపు ఎప్పుడు మానేశారు, ఎందుకు మానేశారు?"

అడిగాను. ఇంతకంటే కష్టమైన వాక్యం నేనెప్పుడూ తర్జుమా చెయ్యలేదు.

మియా నా వైపు తిరిగాడు. పదమూడేళ్ల కిందటి చూపు కాదు. అందులో ఇప్పుడు ప్రశ్న లేదు.

"నువ్వే జెప్పు సార్" అన్నాడు. "నీకు ఎరుకే గద. ఆయన జుబాన్ నీకొక్కనికే వస్తది."

నేను ఏం చెప్పినా సరిచూసేవాడు లేడక్కడ. తోటలు పోయాయని చెప్పి ఇంటికి పోవచ్చు. కానీ ఆ ముఖం ఎదురుగా ఉంది. చెప్పేశాను. జర్మన్‌లో, మొదటి నుంచీ. చూద్దాం అంటే ఏమిటో, పటేల్ ఏమన్నాడో, ఆ కళ్లు ఎవర్ని ఏమడిగాయో, నేనేం చెప్పానో, పటేల్ ముందు ఎలా తప్పుకున్నానో, వడగండ్లు, కొబ్బరికాయ, క్యాసెట్. వ్యాకరణం అంతా చెడిపోయింది. ఎక్కడెక్కడో ఆగిపోయాను, ముక్కు చీదుకున్నాను. మియా మమ్మల్నిద్దర్నీ మార్చి మార్చి చూస్తున్నాడు.

యోర్గ్ కెమెరా ఆపేశాడు. నేల మీద పెట్టి, పక్కన మెట్టు మీద కూలబడ్డాడు. "ఆ షాటుకే నాకు బహుమతి ఇచ్చారు" అన్నాడు. తలెత్తి, "మీరు నాకు చెప్పినది ఆయనకు అర్థమైందా?" అన్నాడు.

"లేదు."

"మరి నాకెందుకు చెప్పారు? ఆయనకు చెప్పండి. ఇప్పుడే. ఆయన భాషలో."

న్యాయమైన మాట. మియా వైపు తిరిగాను.

"ఏమంటుండు సార్ యోగి సాబ్? గట్ల కూసున్నడేంది?"

రెండు మాటలు చాలు, తప్పు నాది మియా, అని. తెలుగు నా తల్లిభాష. అందులో అబద్ధాలు, సాకులు, మర్యాదలు అన్నీ ధారాళంగా వచ్చు. ఈ రెండు మాటలు రాలేదు. సిగ్గు లేక కాదు, ఉన్న సిగ్గంతా ఆ రెండు మాటల మీదే కూర్చుంది.

"నీ చెయ్యి మంచిదంటున్నాడు" అన్నాను.

మియా ఫక్కున నవ్వాడు. "గా మాట అనెటోడు ఇప్పుడొచ్చిండా!"

యోర్గ్ నా ముఖం చూసి గ్రహించాడు, నేను చెప్పలేదని. ఆయనకు తెలుగు రాదు. లేచి వెళ్లి మియా రెండు చేతులూ తన చేతుల్లోకి తీసుకుని జర్మన్‌లోనే ఏదో అన్నాడు. క్షమించమనే అన్నాడు. అది తర్జుమా చెయ్యమని మియా నన్నడగలేదు.

యోర్గ్ సామాను కారులో పెట్టిస్తుంటే మేమిద్దరమే మిగిలాం. వెళ్లిపోతే ఇంక ఈ జన్మకు లేదనిపించింది. చెప్పలేకపోతే పోనీ, ఆ చూపునైనా ఆయనకు చూపించాలి, పక్కన కూర్చుని చూడాలి, అప్పుడు నోరు దానంతటదే తెరుచుకుంటుంది అనుకున్నాను.

"మియా, యోగి సాబ్ తీసిన సినిమా క్యాసెట్ నా దగ్గరుంది. ఎప్పుడో ఇచ్చాడు, నేనే నీకివ్వలేదు. ఒక ఆదివారం మా ఇంటికి రా. మునావర్‌ను కూడా తీసుకురా. భోంచేసి, అందరం కూర్చుని చూద్దాం."

మియా కత్తెర మీది ఆకు తుడిచాడు. తోలుసంచిలో పెట్టుకుని, సంచి మూతి బిగించాడు. నా ముఖం వంక చూడకుండా, కంచె వంక చూస్తూ మర్యాదగా నవ్వాడు.

"సూద్దాం తియ్యి సార్" అన్నాడు.